ఒక్కదాన్నే నడిచిన గోదారి

నేను సాహస యాత్రికురాలిని. ఇది నేనన్న మాట కాదు, ఫ్లెక్సీ మీద రాసిన్రు. మణుగూరు బస్టాండు కాడ నా బొమ్మ పెద్దగ ఏసి, ఎనక ఒక మంచుకొండ, పక్కన రెండు పులులు, ఎందుకో నాకైతే తెల్వదు గానీ పైన ఒక హెలికాప్టరు పెట్టి, కింద ‘ఒంటరి వీరవనిత’ అని ఎర్ర అక్షరాలతోని అచ్చేసిన్రు. హెలికాప్టరు నేను జన్మల ఎక్కలే. పులిని జూపార్కులనే చూసిన, అది గూడ పండుకోని ఉన్నది. మంచుకొండనైతే నిజంగనే చూసిన, కాకపోతే ఫ్లెక్సీ మీదిది ఏదో చాక్లెట్ కాయితం మీది కొండ.

నేను చేసినయి నిజంగ కొన్ని ఉన్నయి. ఉప్పు ఎడారి ఒక్కదాన్నే దాటిన. గడ్డకట్టిన సరస్సు మీద సామాను బండి గుంజుకుంట ఒక్కదాన్నే నడిచిన. రెండింటికీ రికార్డులొచ్చినయి, ఫ్రేములు కట్టిచ్చి గోడకు పెట్టిన, వాటి మీద అమ్మ తువ్వాలలు ఆరేస్తది. పట్నంల మీటింగులకు పోతే, ‘ఆ ఏకాంతంలో మీకు ఏం తెలిసొచ్చింది మేడం?’ అని కండ్లు సగం మూసుకోని అడుగుతరు. మోకాళ్లు నొస్తయని తెలిసొచ్చింది. అట్ల చెప్తే సప్పట్లు కొట్టరు కాబట్టి, ‘నన్ను నేను కలుసుకున్నాను’ అంట. కలిసినంక పెద్దగ నచ్చలే, అది వేరే సంగతి. మా కాలనీల ఇసొంటి తిక్క ప్రశ్నలుండయి. వాళ్లు అడిగేది ఒకటే: ‘మరి కూర ఎవలు వండిన్రు?’

నా పానమంతా పెట్టుకున్నది మాత్రం గోదారి మీద. అది పుట్టిన కాడి నుంచి సముద్రంల కలిసే దాంక, ఒడ్డెంబడి, ఒక్కదాన్నే, అందరికంటె జల్దీ నడవాలె. ఏండ్ల సంది దానికోసమే బతికిన. ఉద్యోగాన్ని నేను ఇడిచిపెట్టిన, పెండ్లి సంబంధాలు నన్ను ఇడిచిపెట్టినయి. రికార్డు ఆఫీసు ఏదో దేశంల ఉన్నది, వాళ్లు రూల్సు పంపిన్రు. దుకాణంల అందరి లెక్కనే కొనుక్కోని తినొచ్చు. తొవ్వల కనపడ్డోళ్లతోని మాట్లాడొచ్చు. కానీ ఎవ్వరు ఎంబడి నడవొద్దు. మనోళ్లు ముందుగాల ఏ ఏర్పాటు చెయ్యొద్దు, ఆఖరికి ఒక నీళ్ల సీసా గూడ పెట్టొద్దు. పెట్టిన్రని తెలిస్తే రికార్డు రద్దు.

ఈ రూల్సు ఇంట్ల సదివి ఇనిపిచ్చిన. అమ్మ పొయ్యి కాడి నుంచే, ‘జైల్ల ఉన్నోళ్లకు గూడ ఇంటి అన్నం ఇయ్యనిస్తరు గదనే’ అన్నది. మా నాయిన బొగ్గుబాయిల సర్దార్ పని చేసి రిటైరయిండు. సర్దార్ అంటే పేరు పెద్దగనే ఉంటది గానీ, పని ఏందంటే షిఫ్టంత భూమి లోపల తిరుగుకుంట, ఎవలు ఎక్కడున్నరు, పైకప్పు మంచిగున్నదా, గాలి ఆడుతున్నదా అని చూసుడు. మనిషిని ఎక్కడ గూడ ఒక్కన్ని ఇడిచిపెట్టొద్దు, అది ఆయన పనిల మొదటి మాట. రూల్సన్ని ఇని, ‘ఇవి రాసినోడు ఎప్పుడన్న బాయి దిగిండా?’ అని అడిగిండు.

‘లేదు నాయినా, ఆఫీసుల కూసుంటడు.’

‘అట్లనే అనుకున్న’ అని బీడీ ముట్టిచ్చిండు. ఒప్పుకున్నడనుకున్న నేను. అంత తెలివి నాది.

మహారాష్ట్రల నడక రూల్ ప్రకారమే సాగింది, అంటే ఘోరంగ సాగింది. కుక్కలు తరిమినయి. చెరుకు తోటలల్ల పాములు అడ్డమొచ్చినయి. కాలిగోరు ఒకటి ఊడి చేతికొచ్చింది. ఒక్క మనిషి పట్టించుకోలే. అచ్చమైన సోలో. ఎప్పుడైతే ఏటూరునాగారం దాటి మా దిక్కు అడవిల అడుగుపెట్టిన్నో, ఆ పొద్దు నుంచి నాకు అదృష్టం పట్టుకున్నది.

టేకు చెట్లు తప్ప ఏం లేని కాడ ఒక చాయ్ కొట్టు కనపడ్డది. కొట్టంటే ఒక బల్ల, ఒక స్టవ్వు, ఒక మనిషి. గిరాకీ అంటే నేనే. తాగినంక ‘ఎంతన్నా?’ అంటే ఆయన బిత్తరపోయి, ‘మీ దిక్కు ఎంతున్నదమ్మా?’ అని నన్నే అడిగిండు. నేను చెప్పినంత తీసుకున్నడు. కొంచెం దూరం పోయి ఎనకకు చూస్తే బల్ల మడత పెడుతుండు. అయ్యో, యాపారం తెల్వని మనిషి, ఎట్ల బతుకుతడో అని జాలిపడ్డ.

ఇంకొకాయన బర్రె తప్పిపోయిందని కర్ర పట్టుకోని నా ఎనక దూరంగ వస్తుండు. పొద్దున వస్తడు, పొద్దుగూకేదాంక వస్తడు. నేను ఆగితె ఆయన గూడ ఆగి, పొదల దిక్కు తిరిగి ‘హోయ్’ అని పిలుస్తడు. ఊరు మారింది, వాగు మారింది, మండలమే మారింది, బర్రె మాత్రం దొరకలే. ‘ఏం పేరన్నా బర్రెకు?’ అని అడిగితె కొద్దిసేపు ఆలోచన చేసి, ‘బర్రె’ అన్నడు. ‘ఇంత దూరం నడిచే బర్రెను నేనెక్కడ చూడలేదన్నా’ అన్న. ‘దానికి తిరుగుడెక్కువమ్మా’ అన్నడు. నా దిక్కు చూసే అన్నడు.

ఒక కోయ గూడెం బయట ఇప్పపూలు ఏరుకుంటున్న ముసలమ్మ అయితే నా చెయ్యి పట్టి ఆపి, వాళ్ల మాటల ఏందో గట్టిగ అని, ఎండ దిగేదాంక నీడల కూసోబెట్టింది. మాటలు సగమే అర్థమైనయి, తిట్లు మాత్రం పూర్తిగ అర్థమైనయి. ఆ సాయంత్రం ఫోన్ సిగ్నల్ దొరకంగనే ఫోటో పెట్టి, ‘ఈ అడవి నన్ను కన్నతల్లిలా చూసుకుంటోంది’ అని రాసిన. మస్తు లైకులొచ్చినయి. మొదటి లైకు మా నాయినది. చుక్కల్ని చూసి దిక్కు చెప్త, మంచు రంగు చూసి అది కాలు పెడితె ఆగుతదో ఇరుగుతదో చెప్త, కానీ బర్రె లేని బర్రె కాపరిని మాత్రం పట్టలేకపోయిన. నా లెక్కటిదాన్ని అన్వేషకురాలంటరు.

మణుగూరు కాడ మా కాలనీ అంత రోడ్డు మీదనే ఉన్నది. అమ్మ టిఫిన్ డబ్బా పట్టుకోని ఎదురొచ్చింది. మూత సందుల నుంచి చేపల పులుసు వాసన. ‘వద్దమ్మా, రికార్డు పోతది’ అన్న. ‘పోతె పోనియ్యే! రోడ్డు మీద కన్నబిడ్డకు అన్నం పెడితే ఎవడొచ్చి పట్టుకుంటడో నేను గూడ చూస్త’ అని లొల్లి పెట్టింది. నేను తలకాయ కిందికేసుకోని నడిచిన. ఆమె ఏడుసుకుంట కొంగుతోని డబ్బా కప్పుకున్నది. పాడు రికార్డు, అక్కడనే ఇసిరిగొట్టి కూసోని తిందామనిపిచ్చింది, తల్లి మీద ఒట్టు. నాయిన మాత్రం చేతులు ఎనక కట్టుకోని, నా కాళ్ల దిక్కు చూసి, తల ఊపిండు. నన్ను చూసి గంత నిమ్మళంగ ఎట్లున్నడు ఈ మనిషి అని అప్పుడే అనుమానం రావాలె నాకు. రాలే.

సముద్రం నీళ్లల్ల కాలు పెట్టినంక కూసోని ఏడ్చిన. వీడియోల ఆనందబాష్పాలని రాసుకున్న గానీ, అందుల సగం ఉప్పునీళ్లు తగిలిన గోరు మంట. రికార్డు ఆఫీసోళ్లు, ‘పాత రికార్డు కంటే ముందే చేరారు, పరిశీలన అయ్యాక ప్రకటిస్తాం’ అన్నరు. పరిశీలన అయ్యేదాంక మా కాలనీ ఆగుతదా? సన్మానం పెట్టిన్రు. ఒక పెద్దమనిషి నేను ఎవరెస్టు ఎక్కిన్నని చెప్పిండు. ఇంకొకాయన గోదారిని ఈదిన్నన్నడు. ఎండాకాలంల ఉన్ని శాలువాలు ఒకదాని మీద ఒకటి కప్పుతుంటె, నడకల పోని పానం గీడ పోతదా అనుకున్న. అప్పుడు ఒక ఛానల్ పిల్ల మైకు తీసుకపోయి నాయిన ముంగట పెట్టింది. ‘మీ అమ్మాయి అంత అడవిలో ఒక్కతే నడిచింది కదా, తండ్రిగా మీకేమనిపించింది?’

‘ఒక్కతే ఏంది?’ అన్నడు నాయిన. ‘నేను సచ్చిన్నా? దిక్కులేనిదాని లెక్క పోనిస్తనా? అది మా అడవిల అడుగు పెట్టిన కాడి నుంచి బూర్గంపహాడ్ దాటేదాంక నా మనుషులు లేని తొవ్వ లేదు. షిఫ్టులు ఏసిన. ఏయ్, బర్రె కాపరీ! లే, మొఖం చూపెట్టు.’

మూడో వరుసల ఆయన లేచి అందరికీ దండం పెట్టిండు. నాయినతోని బాయిల బొగ్గు కొట్టినాయన, జన్మల బర్రెను సాదలేదట. చాయ్ కొట్టు పెట్టింది ఒక రిటైర్డ్ ఫిట్టర్, ఆ స్టవ్వు మా ఇంటిదే. జనం ఈలలేసిన్రు. ఆ పొద్దు నాకు కొట్టిన సప్పట్లకంటె నాయినకు కొట్టినయే ఎక్కువ. నేను శాలువాల కింద, మొఖానికి నవ్వు అతికిచ్చుకోని కూసున్న. ఏండ్ల కష్టం, అర నిమిషంల, మైకుల పాయె.

ఆ వీడియో నా నడకకంటె జల్దీ లోకమంత తిరిగింది. రికార్డు ఆఫీసు నుంచి ఒకామె ఫోన్ చేసి మస్తు మర్యాదగ చెప్పింది: పెద్ద వయసు గదా, ప్రేమ కొద్ది లేనిది కల్పించి చెప్పి ఉంటడు, ఆయన పొరబడ్డడని మీరొక్క మాట చెప్తె చాలు, మీ సంచిల పెట్టిన జీపీఎస్ యంత్రం లెక్కలు సరిపోయినయి, రికార్డు మీదే. రేపు మళ్ల ఫోన్ చేస్త అన్నది. ఎంత సింపుల్! మా నాయినకు మతి లేదంటే అయిపాయె.

ఇంటికి పోయి కడుపు నిండ కొట్లాడిన. ‘రూల్ చెప్పిన్నా లేదా?’

‘చెప్పినవ్.’

‘మరి?’

‘రూల్ నీకు. నాకు గాదు గదా’ అన్నడు. ‘నువ్వు నడువు, నేనొద్దన్ననా? నేను ఊకుంటనని ఎప్పుడన్న అన్ననా?’

‘ఆ కోయ ముసలమ్మను గూడ నువ్వే పెట్టినవా?’

‘ఆమె ఎవలో నాకు తెల్వదు. ఆమె ఆమెనే.’

ఏడుపు ఆగలే నాకు. బట్టలు, బూట్లు, దొరికిందల్ల ఇసిరిన. నా బతుకుల నాదంటూ ఒక్కటి మిగలనియ్యవా అని అరిచిన. అమ్మ మధ్యల రాలే. రద్దయితె ఏమయితదో నేను ఏడుసుకుంట చెప్తుంటే అప్పుడర్థమైంది ఆయనకు. మొఖం చిన్నగయింది. లేచి చెప్పులేసుకోని బయటికి పోయిండు.

తెల్లారి పొద్దుగాల నేను లేచేసరికి బర్రె కాపరి, చాయ్ ఆయన, ఇంకిద్దరు అరుగు మీద కూసోని ఉన్నరు. నాయిన పిలిపిచ్చిండు. ఇన్ని రోజులు చాయ్ కొట్టు కాడ, రైతుబజార్ల, కనపడ్డ ప్రతి మనిషికి ఈ కథ చెప్పుకోని ఛాతి ఇరుసుకోని తిరిగినోళ్లు. ‘మేమెవ్వరం అడవికి పోలేదు బిడ్డా. మీ నాయిన ఊకె చెప్పిండు. ఎవడడిగినా అదే చెప్తం’ అన్నడు బర్రె కాపరి, తల ఎత్తకుండ.

‘ముసలోనికి మతి తప్పింది, ఏదో వాగిండని చెప్పు’ అన్నడు నాయిన. ‘నా మాటదేమున్నది. పెన్షన్ ఆగదు గదా.’

ఈ మనిషి సర్దార్‌గ ఉన్నన్ని ఏండ్లు, లోపల అంత మంచిగున్నదని ఈయన నోటితోని చెప్తేనే తర్వాతి షిఫ్టోళ్లు కిందికి దిగేది. ఎవ్వరు ఎన్నడు రెండోసారి అడగలే. ఆ నోటిని అబద్ధపు నోరని నేను ఏదో దేశంల కూసున్నామెకు చెప్పాలె. ఈ నలుగురు ముంగటనే చెప్పాలె. రికార్డు కావాల్నా అంటే కావాలె నాకు, ఇప్పటికీ కావాలె, మంచిదాన్నేం కాదు. ఫోన్ మోగింది, ఎత్తిన.

‘మా నాయినకు మతి మంచిగనే ఉన్నదండి’ అని ఇంగ్లీషుల చెప్పిన. ‘ఆయన చెప్పింది నిజం. నేనొక్కదాన్ని నడవలే.’

అవతలామె నా నిజాయితీకి థాంక్స్ చెప్పింది. నిజాయితీకి సర్టిఫికెట్ ఇయ్యరట. ఫోన్ పెట్టేసినంక, ఇంగ్లీషు రాకపోయినా అందరికీ అర్థమైంది. బర్రె కాపరి తువ్వాలతోని కండ్లు తుడుచుకున్నడు. అమ్మ చాయ్ తెచ్చింది. నాయిన అడిగిండు, ‘మరిప్పుడు రికార్డు ఎవలది?’

‘పాతాయనదే. బయటి దేశపాయన’ అన్న, మంట ఇంక తగ్గలే నాకు. ‘మొదటి నుంచి చివరిదాంక ఒక్కడే నడిచిండు. గట్టిగ పరిశీలన చేసిన్రట. ముందుగాల ఎవ్వరు లేరు, ఎనక ఎవ్వరు లేరు, ఒక్కడు గూడ అడ్డం రాలే ఆయనకు. అదీ రికార్డంటే.’

నాయిన చాయ్ గిలాస కింద పెట్టిండు.

‘అయ్యో’ అన్నడు. ‘ఎవ్వరు లేరా బిడ్డా ఆయనకు?’

ఆ మనిషి ఏ రోజు ఎంత దూరం నడిచిండో, ఏం తిన్నడో, ఎక్కడ పండుకున్నడో అంత సదివి కంఠస్తం చేసిన్న గానీ, ఆ సంగతి నేనెన్నడు కనుక్కోలే.