చేలోకి ఎందుకెళ్ళావని అడిగేదాకా

మార్టూరు నుంచి లోపలికి పోతే వచ్చే ఒక ఊళ్ళో, గవర్నమెంటు ప్రాథమిక పాఠశాలలో నేను టీచర్‌గా ఉండేదాన్ని. మేం అద్దెకున్న ఇల్లు బడి గోడకు ఆనుకునే ఉండేది. మా ఆయన గ్రానైట్ పాలిషింగ్ పనికి బస్సెక్కాక, నేను గోడ చుట్టూ తిరిగి బడికి వెళ్ళేదాన్ని.

మిరప కోతలు మొదలయ్యాయంటే నా మూడో తరగతి పలచబడేది. ఇంటి దగ్గర చూసుకునేవాళ్ళు లేక, కోతకు వెళ్ళే తల్లులు పిల్లల్ని వెంటబెట్టుకుపోయేవాళ్ళు. ఒకరోజు ముందు వరుస కూడా నిండలేదు. పక్క క్లాసు టీచరును కాస్త చూస్తుండమని చెప్పి చేలోకి నడిచాను.

పిల్లలు యూనిఫాం మీదే కాయలు కోస్తున్నారు. నేను రమ్మంటే తల్లులు కసిరారు. "పొద్దు గూకేదాకా నువ్వు చూస్తావా టీచరమ్మా వీళ్ళని?" అంది ఒకామె. నేను ఒక పిల్ల చేతిలో బుట్ట లాక్కున్నాను. గట్టు మీద ఎవరో ఫోన్ ఎత్తి పట్టుకోవడం చూశాను కానీ పట్టించుకోలేదు. కాసేపటికి పిల్లల్ని బడికి తీసుకొచ్చేశాను కూడా.

సాయంత్రానికి ఆ వీడియో ఫోన్లలో తిరిగింది. మిరపకాయల బుట్టతో నేను, చుట్టూ యూనిఫాంలో పిల్లలు. కూలి పని చేయిస్తున్న టీచరమ్మ అని కింద రాశారు. ఆ వారంలోనే నన్ను ఉద్యోగంలోంచి తొలగిస్తున్నట్టు ఉత్తర్వు వచ్చింది.

ఆఫీసుకు పరిగెత్తాను. "సార్, నేను అక్కడికి ఎందుకెళ్ళానో ఒక్కసారి వినండి" అన్నాను.

"వీడియో చూశాం కదమ్మా, ఇంకా వినేదేముంది?" అన్నాడు అధికారి, తల ఎత్తకుండానే.

ఆ తర్వాతి రోజులు ఎలా గడిచాయో చెప్పడం కష్టం. పొద్దున్నే తల దువ్వుకుని, చీర కుచ్చిళ్ళు సర్దుకుని, ఎక్కడికీ వెళ్ళనక్కర్లేదని గుర్తొచ్చి మంచం మీద కూర్చుండిపోయేదాన్ని. గోడ అవతల ప్రార్థన మొదలయ్యేది. ఎవరు రాగం తీస్తున్నారో, ఎవరు ఊరికే పెదాలు కదుపుతున్నారో నాకు వింటేనే తెలిసేది. మా క్లాసులో ఒక పిల్ల 'ళ' రాయబోయి ప్రతిసారీ సున్నాలు చుట్టేది. దాని చెయ్యి పట్టుకుని రాయించాలని నా వేళ్ళు తహతహలాడేవి. ఇల్లు మారదామన్నాడు మా ఆయన. "ఆ గోల వినపడకపోతే నేనుండలేనండీ" అన్నాను. ఆయన మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

మా చర్చిలో రిటైరైన మాస్టారొకరు, టీచర్ల సంఘంలో తిరిగినాయన, ఒక ఆదివారం నన్ను ఆపారు. "పర్మినెంటు ఉద్యోగిని అట్లా తీసెయ్యటానికి వీల్లేదమ్మా. నీ మీద ఆరోపణేంటో రాసివ్వాలి, విచారణ పెట్టాలి, నువ్వు చెప్పేది వినాలి. కోర్టుకెళ్దాం పద" అన్నారు.

వెళ్ళాం. మరుసటి ఏడాది మిరప కోతలు కూడా అయిపోయాయి. చివరికి, విచారణ లేకుండా తొలగించడం చెల్లదని కోర్టు ఆ ఉత్తర్వు కొట్టేసింది. నేను తప్పు చేయలేదని మాత్రం అనలేదు. అప్పటిదాకా సస్పెన్షన్‌లో ఉంచి, నియమం ప్రకారం విచారించి తేల్చమంది. కొన్నాళ్ళకు ఛార్జిమెమో వచ్చింది. ఆరోపణల కింద, మీ సమాధానం తెలపండి అని ఉంది. నేరం మోపిన కాగితం చూసి ఏడుస్తూ నవ్వాను.

విచారణ మా బడిలోనే పెట్టారు. విచారణాధికారి ఓ పెద్దావిడ. నీళ్ళు తాగి, నెమ్మదిగా అడిగింది: "ఆ రోజు మీరు చేలోకి ఎందుకెళ్ళారు?"

అన్నాళ్ళుగా నేను ఎదురుచూసిన ప్రశ్న. ఆవిడ తొందరపెట్టలేదు. మొదటినుంచీ చెప్పాను.

తల్లుల్ని కూడా పిలిచారు. ఆ రోజు నన్ను కసిరినామె అందరికన్నా ముందు లేచింది. "మా పిల్లల్ని బడికి లాక్కుపోటానికొచ్చిందండీ ఈమె! నేనే నానా మాటలన్నాను. ఈమెని తీసేసే ముందు ఒక్కళ్ళన్నా వచ్చి మమ్మల్ని అడిగారా?" అని గట్టిగా అరిచింది. పక్క క్లాసు టీచరు కూడా జరిగింది చెప్పాడు.

ఆరోపణ రుజువు కాలేదని తేలింది. ఉద్యోగం తిరిగిచ్చారు. కానీ నా చోట్లోకి అప్పటికే వేరే టీచరు వచ్చేసింది. నన్ను దర్శి వైపు ఒక బడికి వేశారు. అప్పటి నా పిల్లలు కూడా నాలుగు దాటి ఐదుకు వెళ్ళిపోయారు.

ఇల్లు ఖాళీ చేసిన రోజు, నన్ను కసిరిన ఆ తల్లే వచ్చి సామాను ఆటోలోకి ఎక్కించింది. "మళ్ళీ మా ఊరికే వేయించుకోరాదా టీచరుగారూ?" అంది.

"అది నా చేతుల్లో లేదమ్మా" అన్నాను.

కొత్త బడి మంచిదే. పిల్లలు అప్పుడే మచ్చికయ్యారు. అయినా హాజరు పిలిచేటప్పుడు ఒక్కోసారి నోట్లోంచి ఆ పాత పేర్లే వచ్చేస్తాయి. వీళ్ళు పకపకా నవ్వుతారు. నేనూ నవ్వి, మళ్ళీ మొదటినుంచి పిలుస్తాను.