వెధవ అనే మాటకు అర్థం

డెబ్బై ఎనిమిదిలో అనంతపురం నుంచి వెళ్లి నరసాపురం రేవులో గోదావరి దాటించే పంటు ఎక్కాను. తాడు జారవిడిచిన కూలీని పంటు నడిపే అతను, "చూసుకోవేంట్రా వెధవా" అని కసిరాడు. నా పక్కన నిలబడ్డ, అస్సాం నుంచి వచ్చిన ఓ మాస్టారు ఆ మాటకు అర్థమేమిటని ఇంగ్లీషులో అడిగారు. విధవ అనే మాటే మనకిలా తిట్టయిందని చెప్పాను.

ఆయన నా వైపు తిరిగారు. "మా భాషకు వ్యుత్పత్తులతో తొలి నిఘంటువు కూర్చినాయన, భార్య పోయాక మళ్లీ పెళ్లాడలేదండి. వితంతువులకు లేని అవకాశం తనకూ వద్దనుకున్నారట. ఆ పుస్తకం అచ్చవకముందే పోయారు. భార్య పోయిన మగవాణ్ణి మీరు ఏమని తిడతారండి?"

అలాంటి తిట్టు మనకు లేదు. భార్య పోయిన ఏడాదికే నేను రెండో పెళ్లి చేసుకున్నాను. చిన్నతనంలోనే భర్తను పోగొట్టుకున్న మా చెల్లెలు ఆ రోజు వంటింట్లోంచి బయటికి రాలేదు. ఎవరూ రమ్మనలేదు, నేనూ అనలేదు.

అవతలి ఒడ్డున దిగాక నోటుపుస్తకంలో 'వెధవ' అని రాసి, అర్థం ఉండవలసిన చోట నా పేరు రాసుకున్నాను.