సీతమ్మత్తకు అందని శనగలు

శ్రావణమాసంలో నానబెట్టిన శనగల వాసన నాకు పడదు. నిన్న మా అపార్ట్‌మెంట్‌లో పేరంటానికి వెళ్తే గుమ్మంలోనే ఆ వాసన తగిలింది.

గురజాలలో మా బట్టల కొట్టు వెనకే ఇల్లు. శ్రావణ శుక్రవారం వచ్చిందంటే తెల్లవారుతూనే మా నానమ్మ వాకిలి కడిగి, గడపకు పసుపు రాసి, పూర్ణాలు వేయిస్తుంటే ఆ వాసనకు మేము గచ్చకాయలాట వదిలేసి వంటింటి చుట్టూ తిరిగేవాళ్ళం. సాయంత్రానికి వీధిలోని ముత్తైదువలంతా కనకాంబరాలు పెట్టుకుని వచ్చి మా వసారా నిండిపోయేది. అందరి కాళ్ళకూ పసుపు రాసేది పక్కింటి సీతమ్మత్త. ఆవిడ చేతులు చల్లగా ఉండేవి. పిల్లలకైతే రాస్తూ రాస్తూ కితకితలు పెట్టేది.

ఒక ఏడు ఆవిడ భర్త పొలం గట్టు తగాదాలో పక్క చేను అన్నదమ్ములిద్దర్ని గొడ్డలితో నరికేశాడు. నరికినమాట నిజం, దాన్ని నేను వెనకేసుకురాను. కింది కోర్టు ఉరిశిక్ష వేసింది. ఆ రోజు బజార్లో మిఠాయి పంచితే మావాళ్ళూ తిన్నారు. పైకోర్టులో అప్పీలు నడుస్తుండగానే శ్రావణం వచ్చింది. సీతమ్మత్త తలంటుకుని, ఉతికిన చీర కట్టుకుని వచ్చి, ఎప్పటిలాగే పసుపు గిన్నె కోసం చెయ్యి చాపింది. మా నానమ్మ గిన్నె వెనక్కి లాక్కుంది.

"నువ్వొద్దులేవే సీతమ్మా."

"మా ఆయన బతికే ఉండాడు పిన్నీ."

"ఉండాడులే. ఎన్నాళ్ళుంటాడు?"

వసారాలో అందరూ కాళ్ళు ముందుకు చాపి నానమ్మ చేతే పసుపు రాయించుకున్నారు. నోములు నోచి, ఉపవాసాలుండి, చీమకు కూడా చక్కెర వేసే ఆ ఇల్లాళ్ళందరి మీదా నాకు ఇప్పటికీ ఒళ్ళు మంటే.

పైకోర్టు ఉరి రద్దుచేసి యావజ్జీవం వేసింది. మరుసటి శ్రావణంలో నానమ్మ ఏమీ జరగనట్టు కుంకుమ భరిణె, శనగలు పట్టుకుని, నన్ను వెంటబెట్టుకుని పక్కింటికి వెళ్ళింది. సీతమ్మత్త గడప దాటి రాలేదు.

"జడ్జీగారేసింది జడ్జీలే తీసేశారు పిన్నీ. మీరేసింది ఎవురు తీస్తారు?"

ఆ తర్వాత ఆవిడ చిలకలూరిపేటలో నూలు మిల్లు పనికి వెళ్ళిపోయింది. ఇప్పుడు ఆ ఇంటి చోట సెల్‌ఫోన్ల కొట్టుంది. మా వసారా కూడా లేదు.

నిన్నటి పేరంటంలో టీవీ మోగుతూనే ఉంది. ఎవరికో ఉరిశిక్ష పడిందట, ఆడవాళ్ళంతా చప్పట్లు కొట్టారు. నాకు పసుపు రాస్తున్నావిడది మా గురజాల పక్కన మాచర్లే. "వాడికి పెళ్ళాం ఉందా?" అని అడిగాను.

"ఉంటే ఏందంట?" అంది ఆవిడ, తలెత్తకుండానే.

సగం పసుపుతోనే కాలు వెనక్కి లాక్కున్నాను.