మామా ఆపేసిన క్యాసెట్టు

ఈ సంగతి ఇన్నేళ్ళూ రాయలేదంటే కారణం ఒకటే, నాకు అక్షరాలు రాకపోవడం. యాభై ఎనిమిదో ఏట మా ఊళ్ళో పెద్దవాళ్ళకు చెప్పే బడిలో నేర్చుకున్నాను. ఒక పేజీ నింపగలనని నమ్మకం కుదిరాక మొదట రాస్తున్నది ఇదే.

ఇరాక్ సైన్యం కువైత్‌లోకి వచ్చినప్పుడు నేను అక్కడి సబా అల్ సలేం పేటలో ఒక పెద్దావిడ ఇంట్లో పనిచేస్తున్నాను. పనివాళ్ళం ఇంటావిడను మామా అంటాం. ఆమె పిల్లలు వేసవికి వేరే దేశం వెళ్ళి అక్కడే చిక్కుకుపోయారు. ఇంట్లో మేమిద్దరమే. అందరి ఇళ్ళలో లాగే నా పాస్‌పోర్టు ఆమె బీరువాలో ఉండేది. రెండుసార్లు అడిగాను. రెండుసార్లూ బుక్రా అంది, అంటే రేపు.

పక్కింట్లో పనిచేసే గోదావరి జిల్లా ఆమె వెళ్ళిపోయే రోజు గోడ అవతల నుంచి పిలిచింది.

“నువ్వూ వచ్చెయ్యి వదినా. మీ మామా చెప్పే బుక్రా ఏ నెల్లో వస్తదో అడిగావా?”

“కాగితం లేకుండా యాడికొచ్చేది? సరిహద్దులో నిలబెట్టేస్తారంట,” అన్నాను.

వెళ్ళినవాళ్ళు జోర్డాన్ ఎడారిలో గుడారాల్లో ఉన్నారని తర్వాత రేడియోలో విన్నాం.

ఒక మధ్యాహ్నం మామా వీడియో క్యాసెట్టు పెట్టింది. నేను ఎప్పటిలాగే వంటింటి గుమ్మంలో నిలబడి చూశాను. తెర నిండా గుడారాలు, నీళ్ళ బండి ముందు వరుస, తలకు గుడ్డ కట్టుకున్న ఆడవాళ్ళు. వార్తలనుకుని టీవీ దగ్గరికి పరుగెత్తి, ఆ వరుసలో గోదావరి ఆమె ముఖం కోసం వెతికాను. మామా చాలా రోజులకు నవ్వింది. ఇది నాటకమని, ఎప్పటిదో వేరే యుద్ధంలో ఇళ్ళు పోయినవాళ్ళ కథ అని చెప్పి, పక్కన కూర్చోమంది. ఆ సోఫాను రోజూ తుడిచేదాన్నే గాని, కూర్చోవడం అదే మొదలు.

వేషాలని తెలిశాక కూడా నా కళ్ళు తెర మీది నుంచి కదల్లేదు. ఒకామె నూనె డబ్బాను పొయ్యి చేసుకుంది. తెల్లారగానే గుడారం ముందు ఊడ్చింది, అది తన సొంత వాకిలైనట్టు. నేను ఊడ్చే తీరే అది. ఏ దేశం వాళ్ళు తీశారో, నన్ను ఎప్పుడు చూశారో అనిపించింది.

ఆ కథలో ఒక రోజు లారీ వచ్చింది. అధికారి పేర్లు చదువుతూ అందరినీ ఎక్కించి, ఆమెను పక్కకు నిలబెట్టాడు. ఆమె కంచె పట్టుకుని లారీ వెళ్ళిన వైపే చూస్తోంది.

“ఆమెనెందుకు వదిలేశారు మామా?” అని అడిగాను.

“కాగితం మాఫీ,” అంది మామా. మాఫీ అంటే అక్కడి మాటలో లేదని.

ఆ మాట తర్వాత ఆమె నా వైపు చూడలేదు. క్యాసెట్టు ఆపేసి లోపలికి వెళ్ళింది. బీరువా తలుపు చప్పుడైంది. తిరిగొచ్చి పాస్‌పోర్టు నా ఒళ్ళో పెట్టింది.

“ఒక్కదాన్నే ఉండాలంటే భయమేసి దాచాను. ఇది నీది.”

తెరిచాను. చదవడం రాదు గనక నా ఫొటోనే చూస్తూ కూర్చున్నాను. నేను రెండుసార్లు అడిగితే తెరుచుకోని బీరువా, నాటకంలో తప్ప ఎక్కడా లేని ఒక ఆడమనిషి కంచె పట్టుకుని నిలబడితే తెరుచుకుంది.

మరుసటి రోజు పొద్దున్నే ఇంట్లో ఉన్న పిండంతా కలిపి, మామాకు చాలా రోజులు వచ్చేట్టు రొట్టెలు కాల్చి ఫ్రీజర్‌లో సర్దాను. వాకిలి ఊడ్చాను. పాస్‌పోర్టును లోపలి జేబులో పెట్టి, జేబు మూతి సూదీదారంతో కుట్టేసుకుని, మనవాళ్ళను జోర్డాన్ వైపు తీసుకెళ్ళే బస్సు కోసం ఫర్వానియా పేటకు బయలుదేరాను.