మోరీ దగ్గర నిలబడిన మల్లయ్య మామ

మా ఊళ్ళో ఎవరైనా దయ్యాల ముచ్చట మొదలుపెడితే నేను లేచి వెళ్ళిపోయేవాణ్ణి. ఇప్పటికీ అంతే. అడవి అంచున పుట్టి పెరిగినవాణ్ణి. చేను కావలికి ఒంటరిగా ఎన్ని రాత్రులు పడుకున్నానో లెక్క లేదు. నాకెప్పుడూ ఏమీ కనిపించలేదు, కనిపించిందన్నవాళ్ళ మాట నమ్మనూ లేదు. కానీ ఒక వానాకాలం పట్టపగలు, మా అమ్మ, అక్క పక్కనుండగా చూసినదాన్ని మాత్రం కాదనలేకపోతున్నాను. అందుకే రాస్తున్నాను.

మాది రాజురా తాలూకాలో లక్కడ్‌కోట్‌కు ఇవతల, సడక్ పక్కనున్న చిన్న ఊరు. ఆ సడక్ రాజురాలో బయల్దేరి లక్కడ్‌కోట్ దాటి ఆసిఫాబాదు వైపు పోతుంది. ఇప్పుడు దానికి రాష్ట్ర రహదారి అని పేరుంది, నంబరుంది, డాంబరుంది. బస్సెక్కి ఒక కునుకు తీస్తే దిగాల్సిన చోటు వచ్చేస్తుంది. నా చిన్నతనంలో అది ఎర్ర మొరం పోసిన మట్టి సడక్.

నిజాం కాలంలో టేకు దుంగల బండ్ల కోసం దాన్ని వేశారని పెద్దలు చెప్పేవారు. అంతకుముందు ఉన్నది వంకర్లు తిరిగే బండిబాట. ఎక్కడ వాగు అడుగున బండరాయి ఉంటే అక్కడ చూసుకుని దాటేది. సడక్ వేసినవాళ్ళు మాత్రం తిన్నగా కొట్టుకుంటూ పోయి, వాగు అడ్డం వచ్చిన చోటల్లా మోరీ కట్టారు. మామూలప్పుడు నీళ్ళు దాని తూముల్లోంచి పోయేవి. వాగు పెద్దగా వస్తే పైనుంచే పారేవి.

హైదరాబాదు రాష్ట్రం విడిపోయినప్పుడు మా తాలూకా ఆదిలాబాదు జిల్లాలోంచి బొంబాయి రాష్ట్రంలోకి వెళ్ళింది. ముందు నాందేడు జిల్లా అన్నారు. కొన్నేళ్ళకు చాందా జిల్లా అన్నారు. చాందా అంటే ఇప్పటి చంద్రపూర్. నేను బడిలో ఉర్దూ చదివి బయటికి వచ్చేసరికి కచేరీలో మరాఠీ కావాలన్నారు. మైలురాళ్ళ మీద ఆసిఫాబాదు నుంచి ఉన్న లెక్క చెరిపేసి రాజురా నుంచి కొత్త అంకెలు రాశారు. సడక్ పనివాళ్ళను పిలిచి, ఈ రాష్ట్రంలో ఉంటారా, ఆసిఫాబాదు ఉన్న ఆ రాష్ట్రానికి పోతారా అని అడగసాగారు.

అలా పిలుపు వచ్చినవాళ్ళలో మల్లయ్య మామ ఒకడు. మాకు చుట్టం కాదు. మా అమ్మ అన్నా అని పిలిచేది కాబట్టి మాకు మామ. ఆయన మైలుకూలీ. అంటే మా ఊరికి అటూ ఇటూ కొన్ని మైళ్ళ సడక్ ఆయన చేతిలో ఉండేది. పొద్దున్నే పార, తట్ట, దిమ్మిస తీసుకుని బయల్దేరేవాడు. గుంట పడితే మొరం పోసి కొట్టేవాడు, కాలువ పూడితే తీసేవాడు. సడక్ అంచు మీద బండి తోలితే ఎంత పెద్ద రైతునైనా తిట్టేవాడు. ఎడమచేతి వాటం. ఎడమకాలి రెండు వేళ్ళు బండి చక్రం కింద పోయాయి, కొంచెం ఈడ్చి నడిచేవాడు. భార్య చనిపోయింది. ఒక్కతే బిడ్డ, ఆసిఫాబాదు దగ్గర అత్తగారింట్లో ఉంది. ముసలితనంలో బిడ్డకు దగ్గరగా ఉండాలని, అటువైపే పోతానని రాసివ్వడానికి ఆ శ్రావణంలో వార్ధా నది అవతల ఉన్న చాందాకు బయల్దేరాడు. నేనే ఆయన్ని రాజురా పోయే బండి ఎక్కించాను.

రెండోరోజు మా అక్క రాజవ్వకు నొప్పులు మొదలయ్యాయి. తొలి కాన్పు. ఒక పగలు, ఒక రాత్రి గడిచినా బిడ్డ పుట్టలేదు. మంత్రసాని చేతులు కడుక్కుని, "నాతోని గాదు, రాజురా దవాఖానకు తీస్కపోర్రి" అన్నది. బావ ఊళ్ళో లేడు. తెల్లవారగానే నేను బండి కట్టాను. అక్కను గడ్డి మీద పడుకోబెట్టి, పైన తాటాకు గొడుగులు అడ్డం పెట్టి, అమ్మ తల దగ్గర కూర్చుంది.

వాన ఆగడం లేదు. రెండు మైళ్ళు పోయాక వాగు వచ్చింది. ఎర్రటి నీళ్ళు మోరీ మీదనుంచి పారుతున్నాయి. లోతు చూస్తే పిక్క దాటేలా లేదు. ఎన్నోసార్లు అంతకంటే పెద్ద నీటిలో దాటినవాణ్ణే. ఎడ్లను అదిలించబోయాను.

"ఆగు పోశం! ఎడ్లను నిలవెట్టు!"

మల్లయ్య మామ. సడక్ నడిమధ్యన, తలమీద గొంగడి కప్పుకుని, ఎడమచెయ్యి పైకెత్తి నిలబడ్డాడు. అంత దగ్గర్లో ఉన్న మనిషిని అప్పటిదాకా ఎలా చూడలేదో నాకు తెలియదు. వాన జోరులో కనిపించలేదనుకున్నాను.

"మోరీ కొట్టుకపోయిందిరా. మీద నీళ్ళు సాఫ్‌గనే ఉన్నట్టు కనవడ్తున్నయి. నడుమల బొంద వడ్డది. ఎక్కినవంటే బండి మల్ల తేలది."

అమ్మ బండిలోంచి ఏడుపు గొంతుతో అడిగింది. "అన్నా, పిల్ల పాణం మీదికొచ్చింది. దాటుతమా?"

"దాటుతరు చెల్లే. పాత బాటకు మర్లియ్యి పోశం. ఆడ కింద బండ ఉన్నది, మోకాలు దాటది. నేను ముందల నడుస్త."

కుడివైపు పొదల్లోకి దిగాం. బాట ఎక్కడుందో నాకు కనిపించలేదు. ఎడమ ఎద్దు ముక్కుతాడు పట్టుకుని, కాలు ఈడ్చుకుంటూ ఆయనే నడిపించాడు. ఆయన చెప్పినట్టే నీళ్ళు మోకాలు దాటలేదు. చక్రాల కింద బండరాయి గరగరలాడడం ఇప్పటికీ నా చెవుల్లో ఉంది. నడిమధ్యన అక్క గట్టిగా మూలిగింది. మామ వెనక్కి తిరిగి, "ఓర్సుకో బిడ్డా, అయిపోయింది, ఒడ్డుకొచ్చినం" అన్నాడు.

ఒడ్డెక్కాక బండిలోకి రమ్మన్నాను. రాలేదు. "నేనిక్కణ్నే ఉంట. ఎనక బండ్లొస్తయి గద" అని మళ్ళీ నీళ్ళలోకి దిగాడు. చాందా పోయిన మనిషి అప్పుడే ఎలా వచ్చాడన్న ఆలోచనే నాకు రాలేదు. నా ధ్యాసంతా అక్క మీదే ఉంది.

మధ్యాహ్నానికి దవాఖాన చేరాం. సాయంత్రం లోపల ఆడపిల్ల పుట్టింది. తల్లీబిడ్డా బతికారు. అమ్మ అక్కడికక్కడే పిల్లకు మల్లవ్వ అని పేరు పెట్టింది.

మర్నాడు దవాఖాన అరుగు మీద సడక్ కచేరీ జవాను ఒకడు కలిశాడు. మల్లయ్య మామ మమ్మల్ని ఎలా దాటించాడో చెప్పాను. అతను నా మొహం వింతగా చూశాడు. "మల్లయ్య ఏడున్నడు ఈడ? చాందాలనే ఉన్నడు. వార్ధా పొంగి మూడు దినాలాయె, నావ బంద్. ఎట్లొస్తడు?"

నేను వాదించాను. అతను నవ్వి తన పని మీద పోయాడు.

రెండురోజులకు నది తగ్గి నావ నడిచింది. మధ్యాహ్నం భుజాన సంచితో మల్లయ్య మామ దవాఖాన మెట్లెక్కి వచ్చాడు. మేమున్నామని జవాను చెప్పాడట. అమ్మ ఆయన కాళ్ళు పట్టుకోబోయింది. ఆయన బెదిరిపోయి వెనక్కి జరిగాడు.

"ఏంది చెల్లే గిది? నేనేం జేసిన?"

జరిగినదంతా నేను చెప్పాను. ఆయన నమ్మలేదు, అలాగని కొట్టిపారేయనూ లేదు. ముందు అడిగింది ఒకటే మాట. "మోరీ పోయిందా? మొత్తం పోయిందా?" పోయి పోయి తాను లేనప్పుడే మోరీ కొట్టుకుపోయిందని బాధ.

"నీకేమన్న కల పడ్డదా మామా?" అని అడిగాను.

"కల లేదు, ఏం లేదు. ఆ పొద్దు వానల తడిసి కచేరి వరండాల కూసున్న. కారకూన్ నాలుగుసార్లు పిలిచిండట. కండ్లు తెరుచుకునే ఉన్నయట, పలకలేదట. ఫిట్స్ వచ్చిందని నీళ్ళు జల్లిండు. గంతే యాది ఉన్నది."

నేనూ ఆయనా కలిసి వాగు దగ్గరికి పోయాం. మోరీ నడుమ, ఎద్దు నిలువునా మునిగేంత బొంద ఉంది. మా ఊరి వైపు ఒడ్డున సడక్‌కు అడ్డంగా టేకు కొమ్మలు పేర్చి, ఎగిరిపోకుండా రాళ్ళు పెట్టి ఉన్నాయి. మా వెనక లక్కడ్‌కోట్ నుంచి వచ్చిన రెండు బండ్లవాళ్ళు ఆ కొమ్మలు చూసే ఆగిపోయారట. మనిషిని మాత్రం వాళ్ళు చూడలేదు. నేను దాటినప్పుడు కొమ్మలు లేవు.

మామ ఒక కొమ్మ తీసి తెగిన చోట వేలితో తడిమాడు. కోత ఎడమచేత్తో నరికినట్టు అటు వాలి ఉంది. గొడ్డలి ఆయన గుడిసెలో ఉంది, గుడిసెకు తాళం ఉంది, తాళంచెవి ఆయన మొలతాడుకు ఉంది. కొమ్మను కింద పెట్టి, "నేను అటు పోతనని కాగితం మీద ఏలు నిశాని ఏసిచ్చిన. ఇగ ఈడ ఎవలుంటర్రా?" అన్నాడు. ఆయన కళ్ళలో నీళ్ళు చూడడం నాకు అదే మొదటిసారి.

మళ్ళీ చాందా పోయి మార్చమని అడిగాడు. కాగితం అప్పటికే పైకి పోయిందన్నారు. దసరా దాటాక బిడ్డ దగ్గరికి, ఆ రాష్ట్రం వైపు సడక్ పనికి వెళ్ళిపోయాడు. పోయేముందు పది రోజులు నన్ను వెంట తిప్పి, ఏ వాగు ఎప్పుడు వస్తుందో, మొరం ఎంత తడితో కొట్టాలో, ఎక్కడ బండ ఉందో చూపించాడు. ఆ మైళ్ళ పనికి నేనే చేరాను. ముప్పై ఏళ్ళకు పైగా చేశాను. మొరం పోయి కంకర రావడం, కంకర పోయి డాంబరు రావడం నా చేతుల మీదే జరిగింది.

చాలా ఏళ్ళ తర్వాత చాందా కచేరీలో, ఆ రోజు మామను పిలిచిన కారకూన్‌ను, అంటే గుమాస్తాను, కలిశాను. మరాఠీ ఆయన, మంచివాడు. ఆ సంగతి గుర్తుందన్నాడు. రాజురా ముసలాయన కళ్ళు తెరిచి బొమ్మలా కూర్చున్నాడని, చిరాకుపడి కాగితం కింద పెట్టేశానని, సాయంత్రం నిశాని వేయించానని చెప్పాడు. పూట అడిగితే పొద్దున పూటే అన్నాడు. మేం వాగు దాటింది కూడా పొద్దున పూటే. అంతకంటే గట్టిగా ఆయనా చెప్పలేడు, నేనూ చెప్పలేను.

గొంగడి కప్పుకున్న ఇంకెవరినో చూసి పొరబడ్డామేమో అని కూడా ఆలోచించాను. కానీ అతను నన్ను పేరు పెట్టి పిలిచాడు. అమ్మను చెల్లే అన్నాడు. ఎద్దు అతని చేతికి బెదరలేదు. పోనీ భయంలో మాకు అలా తోచిందనుకుంటే, పొదల్లో మూసుకుపోయిన ఆ బాట నాకెలా దొరికింది? కొమ్మలు ఎవరు నరికారు?

మామ మంచాన పడ్డాడని తెలిసి చివరిసారి చూడబోయాను. మల్లవ్వ అప్పటికే పెళ్ళీడుకు వచ్చింది, వెంట తీసుకుపోయాను. దాని తల నిమిరి మురిసిపోయాడు. లేచేముందు ఉండబట్టలేక మళ్ళీ అడిగాను.

ఆయన నా వైపు తిరిగి, "నువ్వేమన్న పిలిచినవారా నన్ను?" అన్నాడు.

"పిలవలే మామా. నువ్వు యాదికే రాలే ఆ పొద్దు."

"అయితే నాకు తెల్వదు బిడ్డా," అన్నాడు.

నాకూ తెలియదు.