మూగబొమ్మలో విల్ఫ్రెడ్ మాట

ఇంగ్లండులోని నెల్సన్ ఊళ్ళో ఆవిరి మగ్గాల హోరుకి ఎంత గొంతు చించుకున్నా పక్కవాళ్ళకి వినబడి చావదు. అందుకే అక్కడి నేతపని ఆడాళ్ళు గొంతు మానేసి, పెదవులు బాగా సాగదీసి మాట్లాడుకుంటారు. మిల్లు ఈ చివర్నుంచి ఆ చివరికి మొగుళ్ళ మీద చాడీలన్నీ అలాగే పోతాయి.

సెలీనా ఆర్మరాడ్ ఆ మగ్గాల దగ్గరే ముసలిదైంది. ఒక్కగానొక్క కొడుకు విల్ఫ్రెడ్ ఫ్రాన్సు యుద్ధంలో జాడ లేకుండా పోయాడని వేసవిలో కబురొచ్చింది. అది మొదలు ఆమెకి తిండి సయిస్తే ఒట్టు. శనివారం మధ్యాహ్నం మిల్లు మూయగానే పక్క మగ్గం మీద నేసే స్నేహితురాలు పెగ్ ఆమె చెయ్యి పట్టుకుంది.

"ఒసే, గోడలు చూస్తూ కూర్చుంటే వాడొస్తాడా? పద, సినిమా హాల్లో నవ్వుల బొమ్మ వేస్తున్నారట."

తీరా వెళితే ముందు యుద్ధం వార్తల రీలు వేశారు. ఎవరో మంత్రిగారు లండన్ ఆస్పత్రిలో గాయపడ్డవాళ్ళని పలకరిస్తున్నాడు. 'మంత్రివర్యుల రాకతో పులకించిన వీరులు' అని తెరమీద అక్షరాలు. ఆ పులకించిన వీరుడేమో, "ఈ ముసలాడు ఎప్పుడు పోతాడ్రా, టీ చల్లారిపోతోంది" అంటున్నాడు! హాలు హాలంతా పగలబడి నవ్వింది. పట్నం బాబులకేం తెలుసు, మూగబొమ్మ ఈ ఊళ్ళో మూగది కాదని.

సైనికుల్ని చూడలేక సెలీనా తల దించుకుంది. ఉన్నట్టుండి నవ్వులు ఆగిపోయాయి. అందరూ ఆమె వైపే తిరిగారు.

"చూడవే! తలెత్తి చూడు!" పెగ్ కుదిపేసింది. తలెత్తేసరికి రీలు కాస్తా అయిపోయింది.

"మళ్ళీ వెయ్యండి!" హాలంతా చెక్కబూట్లతో నేలని దడదడలాడించింది. పాపం, రీలు వేసేవాడు హడలిపోయి వెనక్కి చుట్టి మళ్ళీ వేశాడు.

'మాట పోయిన అజ్ఞాత వీరుడు' అని అక్షరాలు. తలకీ, రెండు చేతులకీ కట్లు. కనబడేది నోరొక్కటే. ఆ నోరు అచ్చం మిల్లులో సాగదీసినట్టే సాగదీస్తోంది: "నెల్సన్ వాళ్ళెవరైనా చూస్తే మా అమ్మ సెలీనాకి చెప్పండి. నేను విల్ఫ్రెడ్ని. బతికే ఉన్నా. ఇక్కడ నా మాట ఒక్కరికీ అర్థం కావట్లేదు."

సెలీనా పెగ్ భుజం మీద పడి భోరుమంది.

మర్నాడే రైలెక్కి లండన్‌లో ఆ ఆస్పత్రికి వెళ్ళింది. కొడుకు ఒళ్ళంతా తడిమి చూసుకుంది. బిడ్డ బతికున్నాడు, ఇంకేం కావాలి! ప్రాణం కుదుటపడింది. నర్సు జాలిగా పక్కకి పిలిచింది.

"గొంతు పోయిందమ్మా. ఊరికే పెదవులు ఆడిస్తుంటాడు. మతి కూడా చలించిందేమోనని..."

"మతికేం, భేషుగ్గా ఉంది," అంది సెలీనా కళ్ళు తుడుచుకుంటూ. "ఇందాకట్నుంచి మీరు పోసే జావ కుడితిలా ఉందని తిడుతున్నాడు."