మా హీరోకి తొండం మొలిచిన కథ

మా చిన్నప్పుడు... గాజువాకలో మా ఇంటికి సీడీ ప్లేయర్ కొత్తగా వచ్చిన రోజుల్లో, చిన్నాన్న ఒకసారి మట్టిబొమ్మల సినిమా తెచ్చాడు. బానపొట్ట వంటవాడు, వాడి టోపీ నమిలేసే మేక... అంతా మట్టే. ఇంగ్లీషు ఒక్క ముక్క అర్థం కాలేదు. అయినా ఇంటిల్లిపాదీ పొట్ట చెక్కలయ్యేలా నవ్వాం. నానమ్మ అయితే పమిట చెంగు నోటికి అడ్డం పెట్టుకుని, "మట్టి మనిసికి ఆకలేటే, నా తల్లీ" అంటూ ఒకటే నవ్వు.

బొమ్మను ఇసుమంత కదపడం, కెమెరా బటన్ నొక్కి వెంటనే ఆపేయడం, మళ్ళీ కదపడం... కిటుకు ఇంతే అన్నాడు చిన్నాన్న. ఆయన పెళ్ళిళ్ళకి వీడియో తీసేవాడు. అది భాద్రపదం... శూన్యమాసం, పెళ్ళిళ్ళు లేవు. కెమెరా బీరువాలో ఖాళీగా కూర్చుంది. ఇంకేం... నేనూ, తమ్ముడు బుజ్జిగాడూ సినిమా తీసేద్దామని తీర్మానించేశాం.

వినాయకచవితికి తెచ్చిన మట్టిలో, విగ్రహం చెయ్యగా మిగిలిన ముద్దతో హీరోని చేశాం. వాడికి అచ్చం చిన్నాన్న పొట్టే పెట్టాం. కథ కూడా పెద్దదేం కాదు... హీరో గుమ్మం దగ్గర్నుంచి నడిచొచ్చి ఇడ్లీ తింటాడు. మధ్యాహ్నమంతా నేల మీద బోర్లా పడుకుని నడిపిస్తే, ఇడ్లీ పళ్ళెం దాకా వచ్చేసరికి వెలుతురు పోయింది. తినడం రేపు తీద్దామని, వాణ్ణి అరుగు మీద వినాయకుడి పక్కన పెట్టేశాం.

తెల్లారితే చవితి. తలంట్లు పోసుకుని వచ్చి చూద్దుం కదా... పీట మీద వినాయకుడు, ఆయన పక్కన మా హీరో. నుదుట బొట్టు, నెత్తిన గరిక... ముఖాన ఇంత తొండం.

బుజ్జిగాడు బావురుమన్నాడు. నానమ్మకి ఏమీ అర్థం కాలేదు. "ఏటిరా ఆ ఏడుపు? పొట్ట సేసేసి తొండం మర్సిపోనారు మీరు. నానే అతికించినాను."

"అమ్మా, అది దేవుడు కాదు. ఈళ్ళ సినిమాలో హీరో," అన్నాడు చిన్నాన్న నవ్వాపుకుంటూ.

"అయితే అవనీ. పూజైపోనాది. ఇప్పుడు దేవుడే."

ముట్టుకుంటే కళ్ళు పోతాయంది. మూడో రోజు నిమజ్జనం. అంటే ఇడ్లీ ముందు నిలబడ్డ హీరో, అది తినకుండానే గంగలో కలిసిపోతాడన్నమాట. నాకూ ఏడుపు ఆగలేదు. బుజ్జిగాడైతే ఉండ్రాళ్ళు కూడా ముట్టలేదు. వాడు ఉండ్రాళ్ళు వద్దనేసరికి ఇంట్లో అందరికీ బెంగ పట్టుకుంది.

నానమ్మ మనసు కరిగింది గానీ, దేవుడి దగ్గర తేడా రాకూడదు ఆవిడకి. మూడో రోజు మధ్యాహ్నం ఉద్వాసన చెప్పేసి, హీరోని తెచ్చి మా చేతిలో పెట్టింది. "సామి ఎల్లిపోనాడు. ఇప్పుడిది వొట్టి మట్టే. సముద్రానికి ఎల్లేలోగా తినిపించీసుకోండి."

మళ్ళీ బోర్లా పడ్డాం. గుమ్మంలో బయల్దేరినప్పుడు లేని తొండం ఇడ్లీ దగ్గర ఎలా వచ్చిందని జనం అడగరా అని నా బాధ. "ఇడ్లీ వాసనకి మొలిసిందనండి" అంది నానమ్మ. అంతటితో ఊరుకుందా... తొండం తనే వంచుతానని చతికిలబడింది. బుజ్జిగాడు బటన్ నొక్కేలోపు చెయ్యి తియ్యదు. మేము అరవడం, ఆవిడ నవ్వడం. బయట ఆటో అతను హారన్ మీద హారన్. ఆఖరి ముక్క హీరో నోట్లోకి వెళ్ళేదాకా ఆవిడ ఎవర్నీ కదలనివ్వలేదు.

ఆ సాయంత్రం అప్పికొండ తీరంలో హీరోగారు నిండు కడుపుతోనే సముద్రంలోకి వెళ్ళారు.

మొన్న చిన్నాన్న ఆ టేపుని కంప్యూటర్లోకి ఎక్కించి పంపాడు. మా మహాచిత్రం నిమిషం కూడా లేదు. అయితే కెమెరా మాటల్ని కూడా పట్టేస్తోందని అప్పట్లో మాకు తట్టనే లేదు. తొండం ఒక్కో మెలిక తిరిగినప్పుడల్లా నానమ్మ నవ్వు ఒక్కో తునక వినబడుతోంది. సగం "ఒరే"... సగం "ఏటి"... మళ్ళీ నవ్వు.

నానమ్మ పోయి చాలా ఏళ్ళయింది. ఇప్పుడు ఇంట్లో తలకో ఫోను. మా పిల్లలు తుమ్మినా వీడియో ఉంది. మా నానమ్మ గొంతు మాత్రం మాకు మిగిలింది ఇంతే... అందులో పూర్తి మాట ఒక్కటీ లేదు.

మీ ఇంట్లో పెద్దవాళ్ళ గొంతు ఏ పాత టేపులో చిక్కుకుని ఉందో... చెప్పండి, వింటాను.